ఇంటితో పాటు వచ్చిన మనిషి

జనవరి 9

గౌరవనీయులైన చెల్లెలు గారికి,

అక్క అను నేను తమ సముఖమునకు విన్నవించుకొనునది ఏమనగా, నేను క్షేమము. తమరు క్షేమమని తలంచెదను. గత ఆగస్టు నెలలో నేను కొనుగోలు చేసిన రెండు గదులు, ఒక వంటగది, ఒక వరండా గల ఇంటిలోనికి నేటి వరకు ప్రవేశించలేకపోతిని. కారణము గృహ హింస కేసు. సదరు కేసులో నేను ఇప్పటికి నాలుగు పర్యాయములు కోర్టు వారి ఎదుట హాజరైతిని. నాలుగు పర్యాయములూ వాయిదా పడినది. తదుపరి వాయిదా ఫిబ్రవరి 13.

సదరు ఇంటిలో ఒక స్త్రీ గలదు. ఆమె కదలదు. ఆమెను ఎవరూ కదిలించరాదని కోర్టు వారి ఉత్తర్వు గలదు. నేను చేయి చేసుకొందునేమో అని నా ప్లీడరు గారు నన్ను దూరముగా కూర్చుండబెట్టుచున్నారు.

కావున తమరు హాస్టల్ వంట ఉద్యోగము విరమించి జూన్ ఆఖరుకు వచ్చునాటికి గది సిద్ధపరతునని ఇచ్చిన మాట విషయమై మిక్కిలి వ్యాకులపడుచున్నానని తెలియజేయుటకు విచారించుచున్నాను.

ఇట్లు,
తమ విధేయురాలగు అక్క
(ఎడమ బొటనవేలి ముద్ర)


జనవరి 21

అక్కా,

నీ ఉత్తరం మూడుసార్లు చదివాను. మూడోసారికి పొయ్యి మీద పప్పు అడుగంటింది. రెండు వందల మంది పిల్లలు మాడు వాసన తిన్నారు. ఆ పాపం నీదే.

సూటిగా అడుగుతున్నాను, సూటిగా చెప్పు. ఎవర్ని కొట్టావు? గృహ హింస అంటున్నావు. నాలుగుసార్లు కోర్టులో నిలబడ్డానంటున్నావు. నువ్వు కొడతావని మీ ప్లీడరే భయపడుతున్నాడట. నలభై ఏళ్ళు ఇస్త్రీ పెట్టె మోసిన చేయి నీది. అది ఎవరి మీద పడ్డా హింస అనరు, భూకంపం అంటారు. ఆ ఇంట్లో ఉన్న ఆడమనిషికి దెబ్బలు ఎంత తగిలాయి? కుట్లు పడ్డాయా? నీకు కోపం వస్తే ముందు పెట్టె కింద పెట్టమని మన అమ్మ చచ్చేదాకా చెప్పింది కదా.

ఇంకోటి. నువ్వు నన్ను 'తమరు' అన్నావు. అది చదివి నాకు నిజంగా భయం వేసింది. ఒంట్లో బాగానే ఉందా?

ఇక్కడ నాకు జూన్ ముప్పై ఆఖరి రోజు. జూలై ఒకటిన కొత్త వంటామె వస్తుందట. నా గది ఆమెకు ఇచ్చేశారు, నేను ఇంకా అందులో పడుకుంటూ ఉండగానే కిటికీకి ఆమెకు నచ్చిన రంగు వేయించారు. నాకు వేరే చోటు లేదన్న సంగతి నీకు తెలుసు. అయినా నా సంగతి తర్వాత. ముందు జైలు తప్పించుకో.

నీ చెల్లెలు


ఫిబ్రవరి 16

ఒసే చెల్లీ,

నేను ఎవర్నీ కొట్టలేదు. కొట్టాలనిపించింది, అది వేరే సంగతి. కోర్టు గేటు దగ్గర టైపు కొట్టే ఆయనకు నేను చెప్పింది ఒకటి, ఆయన కొట్టింది ఒకటి. నీ జవాబు కూడా ఆయనే చదివి వినిపించి, "మీ చెల్లెలికి మర్యాద తెలియదమ్మా" అన్నాడు. మా ఇంట్లో మర్యాద ఎక్కువైతే ఎవరో పోయారని అర్థం అని చెప్పి లేచి వచ్చేశాను.

ఇప్పుడు రాసే చేయి మారింది. కోర్టు బెంచీ మీద నా పక్కన కూర్చునే ఒక పిల్ల రాస్తోంది. పిల్ల అంటే ముప్పై అయిదేళ్ళుంటాయి. లైబ్రరీలో పుస్తకాల వీపుల మీద నంబర్లు రాసే ఉద్యోగం. నేను అన్నది అన్నట్టు రాస్తానని మాట ఇచ్చింది. కాబట్టి ఇక నుంచి తిట్లు కూడా నీకు క్షేమంగా అందుతాయి.

మొదటి నుంచి చెప్తాను, విను. ఇల్లు అమ్మినాయన చొక్కాలు ఆరేళ్ళు నేనే ఇస్త్రీ చేశాను. వారానికి ఆరు చొక్కాలు, అన్నీ తెల్లవి. మనిషిని మొహం చూసి నమ్మను, కాలరు చూసి నమ్ముతాను, నీకు తెలుసుగా. కాలరు లోపలి మడతలో ఆయనకు ఒక్కనాడు మురికి లేదు. అలాంటి మనిషి మాట మడత పడదనుకున్నాను. ఇల్లు అమ్ముతున్నానన్నాడు. వెళ్ళి చూశాను. వరండా చూశానే, అంతే, పడిపోయాను. వీధి వైపు, పొద్దున ఎండ, గోడకు ప్లగ్గు, నా బల్ల పెట్టడానికి కొలిచి కట్టినట్టు ఉంది. ఈ వయసులో ఇంకొకరి షెడ్డులో నుంచి నన్ను ఎవరూ పొమ్మనలేరు కదా అని కళ్ళు చెమర్చాయి. లోపల చూద్దామంటే, "లోపల సామాన్లు సర్దుతున్నారు పెద్దమ్మా, దుమ్ము" అన్నాడు. దుమ్ముకు భయపడి గడప దాటలేదు. వరండా చూసి ఇల్లు కొన్న మనిషిని నేనొక్కదాన్నే అయి ఉంటాను.

తాళంచెవి ఇచ్చాడు. వెళ్ళి తిప్పితే తిరగలేదు. లోపలి నుంచి తలుపు తెరుచుకుంది. అతని భార్య. వాళ్ళిద్దరికీ కోర్టులో కేసు నడుస్తోంది, కొట్టాడని ఆమె పెట్టింది. అది తేలేవరకు ఆమెను ఆ ఇంట్లోంచి కదిలించకూడదని జడ్జి గారి కాగితం ఉంది. ఆ కాగితం రావడానికి తొమ్మిది రోజుల ముందు నాకు అమ్మేసి అతను వేరే చోటికి వెళ్ళిపోయాడు. ఇల్లు నాదేనట, అందులో మాట లేదు. కాళ్ళు పెట్టడానికి మాత్రం వాళ్ళ కాపురం సంగతి తేలాలట. ఆ కేసులో నన్ను మూడో మనిషి అంటారు. ఇంటికి మొదటి మనిషిని, కేసుకు మూడో మనిషిని.

తేలడం మాటేమిటంటావా. మొదటిసారి జడ్జి గారు సెలవు. రెండోసారి జడ్జి గారు వచ్చారు, ఫైలు రాలేదు. మూడోసారి ఇద్దరూ వచ్చారు, అమ్మినాయన రాలేదు. నాలుగోసారి ప్లీడర్ల సమ్మె. మొన్న అయిదోసారి జడ్జి గారికి బదిలీ. కొత్తాయన వచ్చి మొదటి నుంచి చదువుకోవాలట. వాయిదా మార్చి 20.

జూన్‌కు ఇంకా నాలుగు నెలలుంది. నీ గది నేను చూసుకుంటాను.

నీ అక్క


మార్చి 2

అక్కా,

హమ్మయ్య. నువ్వు మళ్ళీ నువ్వయ్యావు.

ముందు ఆ రాసే పిల్ల సంగతి. ఎంత చక్కని అక్షరాలే. వంటింటి అరలో కడిగి బోర్లించిన గ్లాసుల్లా వరసగా ఉన్నాయి. మా వార్డెనమ్మకు చూపిస్తే, "ఇలాంటి చేతిరాత ఉన్నవాళ్ళ మనసు కూడా తీరుగా ఉంటుంది" అంది. పాపం ఆ పిల్లకు కోర్టులో పనేమిటో. అడిగి ధైర్యం చెప్పు. నీ సంచీలో ఉండే బిస్కెట్లు ఆమెకు కూడా పెట్టు, నువ్వొక్కదానివే నమలకు.

ఇక నీ ఇంట్లో తిష్ట వేసిన ఆ మహాతల్లి సంగతి. నాకు ఆమె కథ విననక్కర్లేదు. మొగుడూ పెళ్ళాల మధ్య ఏముందో వాళ్ళు చూసుకోవాలి, మధ్యలో మా అక్క చెమట ఏం పాపం చేసింది? చెక్కకు పట్టిన చెద అయినా కిరసనాయిలు పోస్తే కదులుతుంది. ఆమె జలగ. రక్తం ఉన్నంతసేపూ వదలదు. నువ్వు మెత్తబడకు. కుళాయి కట్టెయ్. కరెంటు తీయించు. పొద్దున్నే వెళ్ళి గుమ్మం ముందు కూర్చుని, నీ గొంతు ఎంతవరకు పోతుందో అంతవరకు పంపు. రెండు వందల మందికి వండుతున్నదాన్ని, నాకు మనుషులు తెలుసు. కంచం ముందు కూర్చున్నవాళ్ళు తమంతట తాము లేవరు.

ఒక్క మాట. ఆ మహాతల్లి కూడా కోర్టుకు వస్తుంది కదా. ఆమె నీడ కూడా ఆ రాసే పిల్ల మీద పడనీకు. మంచి పిల్లలు చెడు సావాసంతోనే పాడవుతారు.

నీ చెల్లెలు


మార్చి 24

చెల్లీ,

నీ ఉత్తరం మార్చి ఇరవైన బెంచీ మీద చదివించుకున్నాను. రాసే పిల్లే చదివింది. ఎవరు రాస్తే వాళ్ళే చదువుతారన్న సంగతి నీకు తట్టలేదు, నాకూ తట్టలేదు.

చేతిరాత గురించి చదివినప్పుడు సిగ్గుపడింది. బిస్కెట్ల దగ్గర నవ్వింది. 'మహాతల్లి' దగ్గర కొంచెం ఆగింది. 'జలగ' దగ్గర తలెత్తి, "ఇంకా ఉంది పెద్దమ్మా, చదవమంటారా?" అంది. "చదువు" అన్నాను. కుళాయి, కరెంటు, కిరసనాయిలు, నా గొంతు, అన్నీ చదివింది. ఒక్క మాట మింగలేదు. చివర 'నీ చెల్లెలు' అన్నది కూడా చదివి, కాగితం నాలుగు మడతలు పెట్టి నా చేతికిచ్చి, "మీ చెల్లెలు గారు బాగా రాస్తారు" అంది.

ఇప్పటికి నీకు అర్థమై ఉంటుంది. కాకపోతే చెప్తున్నాను. నీ మహాతల్లి ఆ పిల్లే.

నీకు ముందే ఎందుకు చెప్పలేదంటే సిగ్గేసింది. సెప్టెంబరులో ఆ ఇంటి కిటికీ ముందు నిలబడి నేను అన్న మాటల ముందు నీ జలగ ఎంత, చీమ. కానీ కోర్టు వరండాలో ఫాను కింద ఒకటే బెంచీ ఉంది. ఆ చివర ఆమె, ఈ చివర నేను, మధ్యలో సరిహద్దు గోడలా నా సంచీ. రెండో వాయిదాకు సంచీలోంచి మంచినీళ్ళు తీశాను, ఆమె మొహం ఎండిపోయి ఉంటే ఇచ్చాను. మూడో వాయిదాకు సంచీ కింద పెట్టాను. పొద్దున పది నుంచి సాయంత్రం అయిదు దాకా పిలుపు రాదు. అంతసేపు పక్కన కూర్చున్న మనిషిని ఎంతని తిడతాం, నోరు నొప్పి పుట్టదా.

సమ్మె రోజున అడిగాను, "మీ ఆయన కాలర్లు అంత తెల్లగా ఎలా ఉండేవి?" అని. "నేనే బ్రష్షుతో రుద్దేదాన్ని. ఒక్కటి మాసినా ఊరుకునేవాడు కాదు" అంది. ఆరేళ్ళు నేను నమ్మింది ఎవర్ననుకున్నావు? ఈ పిల్ల చేతుల్ని. డబ్బిచ్చింది మాత్రం వాడికి.

కోర్టు సంగతి: అతను వచ్చాడు, అతని ప్లీడరు రాలేదు. వాయిదా ఏప్రిల్ 17.

నీ అక్క


ఏప్రిల్ 4

అక్కా,

ఈ ఉత్తరం చదువుతున్నావిడకు: ముందు ఇది అక్షరం పొల్లు పోకుండా మా అక్కకు వినిపించు. దాస్తే నాకు తెలుస్తుంది. ఎలా తెలుస్తుందో నాకూ తెలియదు, కానీ తెలుస్తుంది.

అక్కా, నీకు మందు పెట్టారు. దొంగ చేతికి తాళంచెవి ఇచ్చేవాళ్ళను చూశాను, దొంగ చేత ఫిర్యాదు రాయించుకునేదాన్ని నిన్నే చూశాను. నీకు చదువు రాదు. నువ్వు చెప్పింది ఆమె రాస్తోందో, ఆమెకు కావలసింది నువ్వు చెప్పినట్టు రాస్తోందో నాకేం తెలుసు? ఇది నీ మాటేనని నమ్మకం ఏమిటి? అసలు నువ్వు మెత్తబడడం ఏమిటి? మన తమ్ముడి పెళ్ళిలో కుర్చీ లాగినవాడితో ఇరవై రెండేళ్ళు మాట్లాడనిదానివి. అందుకే అనుమానం.

మన ఇద్దరికి తప్ప మూడో ప్రాణికి తెలియని సంగతి ఒకటి రాయి. అప్పుడు నమ్ముతాను. లేకపోతే సెలవు పెట్టి గరిటెతో సహా వచ్చేస్తాను.

(వార్డెనమ్మకు కూడా చెప్పాను. చేతిరాత గురించి ఆమె మాట వెనక్కి తీసుకుంది.)

నీ చెల్లెలు


ఏప్రిల్ 20

చెల్లీ,

గరిటె అక్కడే పెట్టు.

నీకు తొమ్మిదేళ్ళు, నాకు పదమూడు. అమ్మ బజారుకెళ్ళింది. ఎదురింటి టీచరమ్మ పట్టుచీర మీద నువ్వు బొగ్గుల పెట్టె పెట్టి, వీధిలో ఒంటెను చూడడానికి పరిగెత్తావు. తిరిగొచ్చేసరికి చీర మధ్యలో అరచేయంత కిటికీ. నేనే కాల్చానని చెప్పి అట్లకాడ దెబ్బలు తిన్నాను. ఆ రోజు నుంచి నువ్వు పెట్టె ముట్టుకోలేదు. అందుకే వంటమనిషివయ్యావు. ఇది చెప్తుంటే ఈ పిల్ల రాయడం ఆపి నవ్వుతోంది. ఇంకా కావాలా, అన్నం వార్చబోయి బావిలో పడేసిన గిన్నె సంగతి కూడా చెప్పమంటావా?

నమ్మావు కదా. ఇప్పుడు అసలు సంగతి.

నా షెడ్డు యజమాని ఈ నెల ఒకటిన ఖాళీ చేయమన్నాడు. అక్కడ మోటారు సైకిళ్ళు కడుగుతారట. బల్లను తోపుడు బండి మీద వేసుకుని నడిరోడ్డు మీద నిలబడితే నవ్వొచ్చింది. సొంత ఇల్లున్న మనిషిని. నేరుగా వెళ్ళి ఆ పిల్లను, "నీ దగ్గరున్న కోర్టు కాగితం ఒకసారి చదువు" అన్నాను. మూడుసార్లు చదివించాను. భర్త గానీ, అతని బంధువులు గానీ ఆమెను వెళ్ళగొట్టకూడదని ఉంది. నేను ఆమెకు భర్తను కాను, అతనికి బంధువును కాను, నాకు ఎవర్నీ వెళ్ళగొట్టే పని లేదు. ఇంటి యజమాని వరండాలో బల్ల వేసుకోకూడదని ఎక్కడా లేదు. "ఏమంటావే?" అన్నాను. "బల్లకు ఆ చివర నేను పడతాను పెద్దమ్మా" అంది.

ఇరవై రోజులుగా వరండాలోనే ఉన్నాను. పడక ముందు గదిలో. మా ఇద్దరి ప్లీడర్లకూ ఈ సంగతి తెలిసి తలలు పట్టుకున్నారు. "మీరు ఎదురెదురు పక్షాలు" అన్నాడు నా ప్లీడరు. "ఎదురెదురే, మధ్యలో ఒక గుమ్మం ఉంది" అన్నాను.

ఒక విషయం నిన్ను అడగాలి. ఈ ఎండల్లో కూడా ఈ పిల్ల మోచేతులు దాటిన జాకెట్లే వేస్తుంది. మొన్న బట్టలు ఆరేస్తుంటే చేయి పైకి జరిగింది. ఎడమ మోచేతి పైన, వెనక వైపు, మచ్చ. ఇస్త్రీ పెట్టె ముక్కు, దాని రెండు అంచులు, అచ్చు గుద్దినట్టు. నాకు ఎవరూ ఏమీ చెప్పనక్కర్లేదు. ఇది రాయనంటోంది, రాయమన్నాను. అన్నది అన్నట్టు రాస్తానని మాట ఇచ్చింది మరి.

బట్టలు ఇస్త్రీ చేస్తుంటే తనే కాల్చుకుందని అతను కోర్టులో రాసిచ్చాడట. నా ప్లీడరు చెప్పాడు: అతని మాట నెగ్గితే ఆమె కాగితం రద్దవుతుంది, ఇల్లు నాకు ఖాళీగా దొరుకుతుంది. "మీరు కొన్నానని చెప్పి కూర్చోండి, మిగతాది మాట్లాడకండి" అన్నాడు. మొన్న పదిహేడున మళ్ళీ వాయిదా పడింది, జడ్జి గారు జూన్ అయిదున నన్ను పిలుస్తారు. మాట్లాడితే నీ గది పోతుందేమో. నాకు తెలిసి తెలిసి ఊరుకోవడం రాదు. నువ్వేమంటావు?

నీ అక్క


మే 6

అక్కా,

ఒంటె సంగతి నిజమే. నువ్వే.

నీ ఉత్తరానికి జవాబు నాలుగుసార్లు రాసి నాలుగుసార్లూ పొయ్యిలో వేశాను. మొదటిదాంట్లో నోరు మూసుకుని కూర్చోమన్నాను. నాకు అరవై నాలుగేళ్ళు. ముప్పై ఏళ్ళుగా నాది అనుకోదగ్గ తలుపు లేదు. నువ్వు ఇల్లు కొన్నానన్న రోజు హాస్టల్ పిల్లలందరికీ రెండోసారి వడ్డించాను. ఆ గదిలో మంచం ఏ గోడకు వేయాలో కూడా అనుకున్నాను. నువ్వు మాట్లాడితే ఆమె గెలుస్తుంది, ఆమె గెలిస్తే ఇల్లు ఖాళీ కాదు. ఇందులో నాకు తెలియనిదేం లేదు.

తర్వాత నిద్ర పట్టలేదు. అట్లకాడ దెబ్బలు లెక్కపెట్టుకున్నాను. పదకొండు. గుమ్మం వెనక నిలబడి విన్నాను నేను. ఆ పూట నువ్వు నోరు మూసుకోవలసింది, తెరిచి నా తప్పు నీ మీద వేసుకున్నావు. అప్పుడు నేను అడ్డం రాలేదు. ఇప్పుడు మాత్రం ఏ మొహంతో వస్తాను?

చూసింది చూసినట్టు చెప్పు. నాకు గది లేకపోతే కొత్త వంటామె పక్కన చాప వేసుకుంటాను. ఆమె గురక పెడుతుందట, నేనూ పెడతాను.

ఆ పిల్లకు: జలగ అన్న మాట నేను రాసిందే. కొట్టేయడం నాకు చేతకాదు. వచ్చినప్పుడు నా చేతి వంట పెట్టి సరిచేస్తాను, ఆ రోజంటూ వస్తే.

నీ చెల్లెలు


జూన్ 19

నా చెల్లీ,

ఈ ఉత్తరం పొడుగ్గా ఉంటుంది. పొయ్యి మీద ఏమీ లేనప్పుడు చదువు.

జూన్ అయిదున పదకొండింటికే పిలిచారు. నమ్మలేక రెండోసారి పిలిచేదాకా లేవలేదు. అందరూ ఉన్నారు. జడ్జి, ఫైలు, ప్లీడర్లు, అతను, ఆ పిల్ల. తొమ్మిది నెలల్లో అందరూ ఒక గదిలో కనబడడం అదే మొదలు, గ్రూపు ఫోటో తీయించుకోవచ్చు.

అతని ప్లీడరు నన్ను చాలా మర్యాదగా అడిగాడు. "మీరు ఈ ఇల్లు నమ్మకంతో కొన్నారు కదమ్మా?"

"నమ్మకంతోనే కొన్నానండి. అది తప్ప మీ మనిషి అన్నీ ఇచ్చాడు."

"ఇల్లు మీకు ఖాళీగా కావాలి కదా?"

"కావాలి. అయితే ఒక మాట చెప్పి అడుగుతాను."

నా ప్లీడరు వెనక నుంచి నా కొంగు లాగాడు. జారింది, సర్దుకున్నాను. జడ్జి గారు చెప్పమన్నారు.

"అయ్యా, నలభై ఏళ్ళుగా ఇస్త్రీ పెట్టె నా అన్నం. నా చేతుల మీద కాలని చోటు లేదు, చూడండి. ఇవన్నీ వేళ్ళ మీద, మణికట్టు మీద, ముంజేతి మీద ఉన్నాయి. పని చేసే మనిషికి అక్కడే తగులుతుంది. తగలగానే చేయి వెనక్కి లాక్కుంటాం, అందుకే మచ్చ గీతలా సాగుతుంది. ఆ అమ్మాయి మచ్చ మోచేతి పైన, వెనక ఉంది. తన చేత్తో తాను అక్కడ పెట్టుకోవాలంటే సర్కస్ నేర్చుకోవాలి. పైగా అది గీత కాదు, అచ్చు. ముక్కు, రెండు అంచులు, అన్నీ ఉన్నాయి. పెట్టె తనంతట తాను అంతసేపు చేతి మీద కూర్చోదండీ. ఎవరో ఒకరు కూర్చోబెట్టాలి."

జడ్జి గారు నా చేతులు దగ్గరకొచ్చి చూపించమన్నారు. తర్వాత ఒక ఆడ ఉద్యోగిని పిలిచి పక్క గదిలో ఆమె మచ్చ చూడమన్నారు. డాక్టరు కాగితం తీసి మళ్ళీ చదివారు. అందులో అదే చోటు, అదే ఆకారం రాసి ఉందట. మొదటి నుంచీ ఫైలులోనే ఉంది, చదివినవాళ్ళు ఇస్త్రీ చేసి ఎరుగరు, అంతే.

అతను లేచి నిలబడ్డాడు. చొక్కా చూశాను. కాలరు నల్లగా ఉంది.

మర్నాడు తీర్పు చెప్తామన్నారు. మర్నాడంటే నవ్వుకున్నాను. నిజంగానే మర్నాడే చెప్పారు. కొట్టింది నిజమేనట. ఆమెకు నీడ చూపించడం అతని బాధ్యతట. అయితే ఇల్లు కొన్న పెద్దావిడ తప్పేమీ లేదు కాబట్టి ఆమె ఇల్లు ఆమెకు వదలాలి. భార్యకు వేరే చోట ఇల్లు చూసి, నెల నెలా అద్దె భర్తే ఇంటి యజమానికి కట్టాలి.

నా ప్లీడరు చేతులు జోడించాడు, గెలిచామని. ఆ పిల్లను చూశాను. పుస్తకాలు, గిన్నెలు నెత్తిన పెట్టుకుని ఎక్కడికి పోతుంది? అతను ఎవరికి కడతాడు, ఎన్ని నెలలు కడతాడు? నేను కూర్చోలేదు.

"అయ్యా, ఇంకొక్క మాట. వేరే చోటు ఎందుకండీ? నా ఇంట్లో వెనక గది అద్దెకుంది."

జడ్జి గారు కళ్ళజోడు తీశారు. "ఏ ఇల్లమ్మా?"

"ఇదేనండి. యజమానిని నేను. ఆమె అద్దెకుంటుంది. అద్దె ఆయన కడతారు."

చెల్లీ, కోర్టులో నవ్వకూడదట. గోడ దగ్గర నిలబడ్డ బంట్రోతు ముందు నవ్వాడు, ఆ తర్వాత ఎవరూ ఆగలేదు. అతని ప్లీడరు, "అది నా క్లయింటు ఇల్లు" అన్నాడు. "అమ్మేశారు కదా" అన్నారు జడ్జి గారు. ఆ పిల్లను అడిగారు, నీకు సమ్మతమేనా అని. ఆమె నా వైపు చూసి, "పెద్దమ్మ రోజూ పొద్దున రేడియో గట్టిగా పెడతారు. అది తగ్గిస్తే ఉంటాను" అంది. చూశావా, నా అద్దె మనిషి అప్పుడే షరతులు పెడుతోంది. ఇది కూడా రాయవే, దాచకు.

ఇక మొన్నటి సంగతి. మంగళవారం పొద్దున బల్ల దగ్గర ఉన్నాను. అతను వచ్చాడు. లోపలికి రాకూడదని ఆజ్ఞ ఉంది కాబట్టి మురిక్కాలువ అవతల, రోడ్డు మీదే నిలబడ్డాడు. తను అమ్మిన ఇంటిని మెడ సాచి చూశాడు.

"పెద్దమ్మా, ఈ నెల కొంచెం ఇబ్బందిగా ఉంది. అద్దె వచ్చే నెల రెండూ కలిపి కట్టేస్తాను."

పెట్టె పక్కన నిలబెట్టాను. అమ్మ చెప్పినట్టే, కోపం వచ్చినప్పుడు ముందు అదే చేస్తాను.

"బాబూ, వాయిదాలు కోర్టులో ఇస్తారు. ఇక్కడ ఇవ్వరు."

సాయంత్రానికి తెచ్చిచ్చాడు. వేలిముద్ర వేసి రసీదు ఇచ్చాను. ఆ రసీదు రాసింది ఎవరో నీకు చెప్పనక్కర్లేదు.

నీ మంచం ముందు గదిలో కిటికీ గోడకు వేశాం. ఏ గోడకో నువ్వు చెప్పలేదు కాబట్టి నేనే అనుకున్నాను, నచ్చకపోతే వచ్చి జరుపుకో. వంటింట్లో పొయ్యి ఎత్తు నీకు సరిపోతుంది, ఈ పిల్ల నీ ఎత్తు అడిగి కొలిచింది. ముప్పైన మధ్యాహ్నం బస్సు ఎక్కితే చీకటి పడకముందే దిగుతావు. పెద్ద మూకుడు తెచ్చుకోకు, ఇక్కడ ముగ్గురమే. అయినా నీకు ముగ్గురికి వండడం రాదు, మొదటి వారం వీధంతా తింటుంది.

ఆ పిల్ల ఏదో అంటోంది. నువ్వు వచ్చాక ఉత్తరాలు ఉండవట, తనకు ఇక రాసే పని పోతుందట. రసీదులు ఉన్నాయి కదే అన్నాను, నెలకొకటి.

సామాను రేపటి నుంచే కట్టుకో. వార్డెనమ్మ ఇంకో పదిరోజులు ఉండమంటే ఉండకు. నీకు కూడా వాయిదా లేదు.

నీ అక్క
సొంత ఇంటి వరండా నుంచి
(ఎడమ బొటనవేలి ముద్ర)